సిరా మహిమా, జాబితా మహిమా?

ఇంట్లో నగ పోతే అంజనం వేయించడం తెలుగు పల్లెల్లో చాలాకాలం సాగిన అలవాటు. తమలపాకు మీదో, పిల్లవాడి బొటనవేలి గోటి మీదో నల్లటి కాటుక పూసి, రెప్ప వేయకుండా అందులోకి చూడమనేవారు. సొమ్ము తీసిందెవరో, ఎక్కడ దాచారో ఆ నలుపులో కనిపిస్తుందని నమ్మకం. కనిపించేది ఆ పిల్లవాడికి ఒక్కడికే. చుట్టూ కూర్చున్నవాళ్లు వాడి మాట నమ్మాల్సిందే. ఎన్నికల రోజున ప్రభుత్వం మన గోటి మీద పూసే నలుపుది సరిగ్గా దీనికి ఎదురు తీరు. అది ఊరందరికీ కనిపిస్తుంది. పూయించుకున్నవాళ్లు దాచుకుందామన్నా దాగదు, కడిగినా పోదు. జానపద కథల్లో మాయ సిరాకు ఉండాల్సిన లక్షణాలన్నీ దీనికి ఉన్నాయి: పూసిన కాసేపటికి దానంతట అదే రంగు మారుతుంది, మంత్రి వేలికీ కూలి వేలికీ ఒకేలా అంటుతుంది, ఒకసారి అంటిందంటే ఆ రోజుకు రెండో అవకాశం ఇవ్వదు. అయితే ఈ మహిమంతా సీసాలోనే ఉందనుకుంటే లెక్క తప్పుతుంది. సీసా పక్కన బల్ల మీద ఓటర్ల జాబితా ఉంటుంది. సిరాకు బలమిచ్చేది ఆ జాబితా, దాని వెనక నిలబడే చట్టం. మైదానపు ఊళ్లలో సిరా, జాబితా ఒకే మాట చెబుతాయి కాబట్టి ఈ తేడా ఎవరికీ పట్టదు. అరకు, సాలూరు, చింతూరు కొండల్లో మాత్రం సిరా ఒక దారి, జాబితా ఒక దారి పట్టిన సందర్భాలున్నాయి. ఈ సిరా ఏం చేయగలదో, ఏం చేయలేదో తెలియాలంటే ఆ కొండల వైపు చూడాలి.

ముందు సీసాలో ఉన్నదేమిటో చూద్దాం. ముఖ్యమైన సరుకు సిల్వర్ నైట్రేట్, అంటే వెండిని నత్రికామ్లంలో కరిగించి చేసే లవణం. అది చర్మానికి తగలగానే చెమటలోని ఉప్పుతో కలిసి సిల్వర్ క్లోరైడ్‌గా మారుతుంది, చర్మంలోని మాంసకృత్తులను పట్టుకుంటుంది. వెలుతురు సోకితే అందులోంచి వెండి సన్నటి రేణువులుగా బయటపడి నల్లబడుతుంది. పాత ఫొటో ఫిల్ముల మీద బొమ్మ పడింది కూడా వెండి లవణాలకున్న ఈ గుణం వల్లే. సిరాలో కలిపే ఊదా రంగు పూసిన వెంటనే కనిపించడానికి మాత్రమే. అది పోయినా నలుపు పోదు. సబ్బుకు, నూనెకు, నిమ్మకాయకు లొంగకపోవడానికి కారణం అది చర్మం పైన పేరుకున్న మరక కాకపోవడం. చర్మంలోనే భాగమైపోయింది కాబట్టి పై పొర రాలిపోయి కొత్త చర్మం వచ్చేదాకా ఉంటుంది, అంటే కొన్ని రోజులు. గోటి మీద పడినది గోరు పెరిగి కత్తిరించుకునేదాకా ఉంటుంది. గోరు నెలకు సుమారు 3 మిల్లీమీటర్లే పెరుగుతుంది కాబట్టి అక్కడ గుర్తు వారాల తరబడి నిలుస్తుంది. ఈ 3 మిల్లీమీటర్ల లెక్క గుర్తుంచుకోవాలి, ముందు ముందు దీంతో పని పడుతుంది.

మొట్టమొదటి సాధారణ ఎన్నికలకే, 1951–52లో, దాదాపు 3 లక్షల 90 వేల సీసాల చెరగని సిరా వాడారు. దీని తయారీ పద్ధతిని స్థిరపరిచింది ఢిల్లీలోని నేషనల్ ఫిజికల్ లేబొరేటరీ. 1962 ఎన్నికల నుంచి సరఫరా మైసూరులోని ప్రభుత్వ కంపెనీ చేతికి వెళ్లింది. నేడు మైసూర్ పెయింట్స్ అండ్ వార్నిష్ అని పిలిచే ఆ కంపెనీని 1937లో నాల్వడి కృష్ణరాజ ఒడెయార్ కాలంలో లక్క, రంగుల కర్మాగారంగా పెట్టారు. అడవి లక్క మీద పుట్టిన ఫ్యాక్టరీ వెండి సిరాతో పేరు తెచ్చుకోవడం ఒక చమత్కారం. 2024 లోక్‌సభ ఎన్నికలకు అక్కడి నుంచి సుమారు 26.5 లక్షల సీసాలు వెళ్లాయి. హైదరాబాద్‌లోని రాయుడు లేబొరేటరీస్ కూడా ఇలాంటి సిరా చేసి విదేశాలకు పంపుతుంది.

బూత్‌లో ఈ సిరాను ఎలా వాడతారో కాస్త నిదానంగా గమనిస్తే, దాన్ని ఒంటరిగా ఎప్పుడూ నమ్మలేదన్న సంగతి తెలుస్తుంది. మొదట జాబితాలో పేరు వెతికి పైకి చదువుతారు. పార్టీల ఏజెంట్లు తమ దగ్గరి ప్రతుల్లో సరిచూసుకుంటారు. ఆ తర్వాత ఎడమ చూపుడువేలును పరిశీలించి, అంతకుముందు గుర్తేమీ లేకపోతే సిరా పూస్తారు. ఒకప్పుడు గోరు, చర్మం కలిసే చోట చుక్క పెట్టేవారు. 2006 నుంచి గోటి కొస దగ్గర మొదలుపెట్టి మొదటి కణుపు దాకా గీత గీస్తున్నారు. అప్పుడుగానీ రిజిస్టర్‌లో సంతకమో వేలిముద్రో తీసుకోరు. ఈ వరసకో కారణం ఉంది: సంతకం పెట్టి, చీటీ ఇచ్చి, ఓటు వేసి బయటికి వచ్చేలోపు సిరా ఆరిపోవాలి. ఓటింగ్ యంత్రం దగ్గరి అధికారి వేలిని మరోసారి చూసి గానీ మీట నొక్కరు. 1961 నాటి ఎన్నికల నిర్వహణ నియమాలు ఇంకా వివరంగా ఉంటాయి. ఎడమ చూపుడువేలు లేకపోతే ఎడమచేతి మరో వేలు, ఆ చేతికి వేళ్లే లేకపోతే కుడి చూపుడువేలు, రెండు చేతులకూ వేళ్లు లేకపోతే చేతి చివరి భాగం. సిరా పూయించుకోనన్నవాళ్లకు, పూసినదాన్ని తుడిచే ప్రయత్నం చేసినవాళ్లకు ఓటు లేదు. రీపోలింగ్ జరిగితే పాత గీతతో తికమక రాకుండా ఎడమ నడిమివేలికి పూస్తారు.

సిరా చెరిపే మందులున్నాయని, వేలికి ముందే ఏదో పూసుకుని వెళ్తే గుర్తు పట్టదని ప్రతి ఎన్నికకూ పుకార్లు వస్తాయి. అలా చెరిగిపోయేదానికి ఇంత హంగామా ఎందుకని అడిగేవాళ్లున్నారు. గీత ఒకవేళ చెరిగినా రిజిస్టర్‌లో సంతకం చెరగదు. ఒకే పేరుతో రెండోసారి రావడం కుదరదు. సిరా అడ్డుకునేది మరో దొంగతనాన్ని: తన ఓటు వేసుకున్నాక చనిపోయినవారి పేరుతోనో, వలస వెళ్లినవారి పేరుతోనో తిరిగి వచ్చే మనిషిని. అంటే జాబితాలో ఉన్న చిల్లుల దగ్గర సిరా కాపలా కాస్తుంది. రెండూ ఒకేసారి బలహీనపడితే ఏమవుతుందో 2004 అక్టోబరులో అఫ్ఘానిస్తాన్ చూసింది. ఒక్కొక్కరి దగ్గర ఒకటికి మించి రిజిస్ట్రేషన్ కార్డులున్నాయన్న అనుమానం అప్పటికే ఉంది. పోలింగ్ రోజున కొన్నిచోట్ల సిరా కడిగితే పోతోందని తేలగానే పలువురు అభ్యర్థులు ఎన్నికనే బహిష్కరిస్తామన్నారు. మన దగ్గర 2016 నవంబరులో నోట్ల మార్పిడికి బ్యాంకుల్లో ఇదే సిరా వాడినప్పుడు, ఉపఎన్నికల ముందు వేళ్ల మీద గుర్తులుంటే తికమక అవుతుందని ఎన్నికల సంఘం అభ్యంతరం చెప్పింది. ఓటర్ల జాబితా అండ లేనిచోట ఆ నలుపు వట్టి మరక, పైగా అసలు పనికి అడ్డం.

కొండల్లో వేలికి సిరా అంటడం ఎన్నికలతో మొదలవలేదు. అంతకు చాలాముందే షావుకారు కాగితం మీద బొటనవేలి ముద్ర ఉంది. అక్షరం రాని మనిషి ఏం రాసుందో తెలియని కాగితం కింద నిశానీ వేస్తే, ఉప్పుకో బట్టకో తీసుకున్న అప్పు కొన్నేళ్లలో పోడు భూమినీ పశువులనూ మింగేది. ఆ సిరా మామూలు సిరాయే. దానికి భూమిని చేతులు మార్చే శక్తి వచ్చింది, ఆ కాగితాన్ని కోర్టు చెల్లుబాటు చేయడం వల్ల. ఈ సంగతి నాటి మద్రాసు ప్రభుత్వానికే తెలుసు, అందుకే 1917లో ఏజెన్సీ ప్రాంతాల వడ్డీ, భూ బదలాయింపు చట్టం తెచ్చింది. వడ్డీ ఏడాదికి 24 శాతం మించకూడదు, మొత్తం వడ్డీ అసలును దాటకూడదు, ప్రభుత్వ ఏజెంటు రాతపూర్వక అనుమతి లేకుండా గిరిజనుడి భూమి గిరిజనేతరుడికి పోతే ఆ బదలాయింపు చెల్లదు. తర్వాత 1959 నాటి ఒకటో రెగ్యులేషన్, దాన్ని పదునుపెట్టిన 1970 నాటి ఒకటో రెగ్యులేషన్ వచ్చాయి. మనం ‘వన్ ఆఫ్ సెవెంటీ’ అని పిలుచుకునేది ఈ రెండోదాన్నే. దాని ప్రకారం ఏజెన్సీలో గిరిజనేతరుడి చేతిలో భూమి ఉంటే అది గిరిజనుడి నుంచి వచ్చిందనే భావిస్తారు. కాదని రుజువు చేసుకోవాల్సింది ఆ గిరిజనేతరుడే. అదే వేలిముద్ర, అదే సిరా. చట్టం మారేసరికి ఆ ముద్రలో సత్తువ పోయింది. చట్టం ఉన్నా బినామీ పేర్ల మీద భూములు చేతులు మారుతూనే వచ్చాయి కదా అంటే, నిజమే. ఆ మోసం జరిగేది కూడా పేర్ల దగ్గరే.

మళ్లీ ఓటు సిరా దగ్గరికి వస్తే, ఒక గట్టి అభ్యంతరానికి జవాబు చెప్పుకోవాలి. ఆధార్, వేలిముద్రల యంత్రాలు, ముఖాన్ని గుర్తుపట్టే కెమెరాలు వచ్చాక ఈ వెండి గీత దేనికి? యంత్రమే ఫలానా మనిషి ఓటు వేశాడో లేదో చెబుతుంది కదా? నగరంలో కూర్చుంటే ఈ వాదన బాగానే వినిపిస్తుంది. రేషన్ యంత్రానికి సిగ్నల్ అందక దాన్ని గుట్ట మీదికి మోసుకెళ్లే ఊళ్లలో పోలింగ్‌ను నెట్‌వర్క్ మీద ఆధారపెడితే, సిగ్నల్ లేనివాడికి ఓటు లేనట్టే. పార, గొడ్డలి పట్టి వేలి గీతలు అరిగిపోయినవాళ్లను యంత్రం గుర్తుపట్టక వెనక్కి పంపడం రేషన్ దుకాణాల దగ్గర తెలిసిన సంగతే. సిల్వర్ నైట్రేట్‌కు వేలి గీతలతో పనిలేదు, కరెంటుతో పనిలేదు. ఇంతకన్నా పెద్ద కారణం ఇంకొకటి ఉంది. యంత్రం అవునో కాదో చెప్పి ఊరుకుంటుంది. లోపల ఏం చూసిందో మిగతావాళ్లకు తెలియదు, అంజనంలోకి చూసిన పిల్లవాడి మాటలాగే నమ్మాలి. సిరా గీతను మాత్రం అక్షరం రాని అవ్వ కూడా ఎదుటివాడి వేలి మీద చూసి తేల్చుకోగలదు. సరిచూసే అధికారాన్ని బూత్‌లో ఉన్న అందరికీ పంచిన పరికరం ఇది. చవకది కావడం ఆ తర్వాతి మాట.

అందరికీ కనిపించడంలోనే దీని ప్రమాదమూ ఉంది. ఎన్నికలను బహిష్కరించమని మావోయిస్టులు పిలుపిచ్చిన చోట నల్లగీత ఉన్న వేలు తనంతట తాను ఇచ్చుకున్న వాంగ్మూలం అవుతుంది. బస్తర్ వైపు కొందరు ఓటర్లు ఓటు వేస్తాం గానీ సిరా వద్దని కోరిన సంగతి వార్తల్లో వచ్చింది. 2014 జూన్‌లో అఫ్ఘానిస్తాన్‌లోని హెరాత్‌లో ఓటు వేసి వస్తున్న 11 మంది పెద్దల సిరా వేళ్లను తాలిబన్లు నరికేశారు. దీనికి తలకిందుల రూపం 2008లో జింబాబ్వేలో కనిపించింది. అక్కడ వేలికి సిరా లేనివాళ్లకు పాలకపక్షం మనుషుల చేతిలో దెబ్బలు. అరకు ప్రాంతంలో భయం ఊహించుకున్నది కాదు. 2018 సెప్టెంబరు 23న డుంబ్రిగుడ మండలం లివిటిపుట్టు దగ్గర ఎమ్మెల్యే కిడారి సర్వేశ్వరరావును, మాజీ ఎమ్మెల్యే సివేరి సోమను మావోయిస్టులు కాల్చి చంపారు. 2019 ఏప్రిల్ ఎన్నికలు ఆ నీడలోనే జరిగాయి. 2024లో కూడా అరకు, పాడేరు, రంపచోడవరం నియోజకవర్గాల్లో సాయంత్రం 4 గంటలకే పోలింగ్ ముగించారు. రాష్ట్రంలో ఎక్కువచోట్ల 6 దాకా సాగింది. కొండ దిగి వచ్చి ఓటేసి, చీకటి పడకముందే ఇల్లు చేరాల్సినవాళ్లకు ఆ రెండు గంటలు చిన్న విషయం కాదు.

మరి ఇలాంటి ఊళ్లలో సిరా మానేస్తే? మానవతా దృష్టితో చూస్తే ఈ ప్రశ్న న్యాయమైనదే. దీన్ని తేలిగ్గా కొట్టేయడం నాకు సమ్మతం కాదు. కానీ సిరా లేని బూత్ అంటే మనుషులు రాకుండానే ఓట్లు పడగల బూత్. భద్రత పేరుతో ఊరికి దూరంగా, రోడ్డు పక్కకు మార్చిన కేంద్రంలో, ఏజెంట్లు పలచగా ఉన్నచోట, ఆ ఊరి పేరు మీద ఎవరు ఓటేశారో తర్వాత ఎవరూ చెప్పలేరు. గీత ఉంటే కనీసం ఊళ్లో ఎన్ని వేళ్లు నల్లబడ్డాయో ఊరికే తెలుస్తుంది. బెదిరింపును ఆపాల్సింది బెదిరించేవాళ్ల దగ్గర. గుర్తు తీసేస్తే బెదిరింపు పోదు, ఓటు ఒక్కటే మాయమవుతుంది.

పైగా ఈ సిరా చెప్పేది సగమే. ఓటేశావని చెబుతుంది, ఎవరికో చెప్పదు. 2013 సెప్టెంబరు 27న సుప్రీంకోర్టు నోటా మీట పెట్టమన్నది ఈ మిగతా సగాన్ని కాపాడడానికే. అంతకుముందు ఎవరికీ వేయనని చెప్పాలంటే రిజిస్టర్‌లో రాయించుకోవాలి, అంటే బూత్‌లో అందరికీ తెలియాలి. నోటా వచ్చాక కాదన్నవాడి వేలూ ఔనన్నవాడి వేలూ ఒకే నలుపు. అరకు లోక్‌సభ స్థానంలో 2019లో దాదాపు 48 వేలు, 2024లో 50 వేలకు పైగా నోటా ఓట్లు పడ్డాయి. దేశంలోనే పెద్ద అంకెల్లో ఇవి. అక్షరాలు రాక చివరి మీట నొక్కారని కొందరు, కోపంతోనే నొక్కారని కొందరు అంటారు. అంత దూరం నడిచి వచ్చిన మనిషి పొరపాటున నొక్కి పోయాడనడం నాకు మరీ సులువైన వివరణగా తోస్తుంది. ఏది నిజమైనా వేలు చూసి తేల్చలేం. తేల్చలేకపోవడమే మంచిది.

ఇక సిరా, జాబితా విడిపోయిన చోటికి వద్దాం. సాలూరు దాటి ఘాట్ ఎక్కితే కొటియా ఊళ్లు వస్తాయి. ఎక్కువగా కొండ జాతుల వాళ్లుండే ఈ ఇరవై పైచిలుకు ఊళ్లను ఒడిశా కొరాపుట్ జిల్లా పొట్టంగి బ్లాకులోవంటుంది, ఆంధ్రప్రదేశ్ సాలూరు మండలంలోవంటుంది. ఒడిశా 1968లో సుప్రీంకోర్టుకు వెళ్లింది, యథాతథ స్థితి ఉత్తర్వు వచ్చింది. 2006లో కోర్టు ఇది తన పరిధిలోది కాదని, సరిహద్దు తేల్చాల్సింది పార్లమెంటేనని చెప్పింది. ఈలోగా రెండు ప్రభుత్వాలూ రోడ్లు వేశాయి, బడులు కట్టాయి, పింఛన్లు ఇచ్చాయి. చాలా ఇళ్లలో రెండేసి రేషన్ కార్డులు, రెండేసి ఓటరు కార్డులు. 1950 నాటి ప్రజా ప్రాతినిధ్య చట్టం ఒక మనిషి పేరు రెండు నియోజకవర్గాల్లో ఉండకూడదంటుంది. కానీ ఇక్కడ పేరు రెండుచోట్ల రాసింది మనిషి కాదు, రెండు రాష్ట్రాల ఉద్యోగులు.

2014లో కొరాపుట్‌లో ఏప్రిల్ 10న పోలింగ్, ఇటు అరకు స్థానంలో మే 7న. మధ్య 27 రోజులు. చర్మం మీది గీత అప్పటికి రాలిపోతుంది. గోరు మాత్రం 3 మిల్లీమీటర్ల లోపే పెరిగి ఉంటుంది కాబట్టి గుర్తు అక్కడ మిగిలే ఉండాలి. అంటే ఆ ఊళ్ల విషయంలో ఒక మనిషికి ఒకే ఓటు అన్న సూత్రం గోటి మీద మిగిలిన కాస్త నలుపు మీద ఆధారపడింది. 2019 ఏప్రిల్ 11న, 2024 మే 13న రెండు వైపులా ఒకే రోజు పోలింగ్ వచ్చింది. అప్పుడు సిరా నిక్కచ్చిగా పనిచేయగలదు: పొద్దున ఏ బూత్ వైపు నడిస్తే ఆ రాష్ట్రం. రెండో బూత్‌లో వేలు చూడగానే పట్టేస్తారు. సిరా ఇక్కడ తన పని తాను చేసినట్టే కదా అనవచ్చు. చేసింది, కాకపోతే తనది కాని పని కూడా నెత్తికెత్తుకుంది. ఒక మనిషి రెండుసార్లు ఓటేయకుండా ఆపడానికి కనిపెట్టిన గీత, ఆ మనిషి ఏ రాష్ట్రపు ఓటరో ఆ ఉదయానికి తేల్చే గీత అయింది.

రాష్ట్రాలకూ ఈ సంగతి అర్థమైంది. 2021 ఫిబ్రవరిలో ఆంధ్రప్రదేశ్ అక్కడి మూడు ఊళ్లలో పంచాయతీ ఎన్నికలు జరిపింది. ఊళ్ల పేర్లు కూడా తెలుగు చేసి నోటిఫికేషన్ ఇచ్చారని, ఇది కోర్టు ధిక్కారమని ఒడిశా సుప్రీంకోర్టుకెక్కింది. వేలికి సిరా పూయడం అంటే నేల మీద హక్కు చాటుకోవడమని రెండు పక్షాలూ ఒప్పుకున్నట్టే. అయితే ఎన్ని వేళ్లు నల్లబడినా సరిహద్దు అంగుళం జరగలేదు. సిరాలోనే మహిమ ఉంటే అది ఆ రోజే తేలిపోవాలి.

ఇదే అరకు లోక్‌సభ స్థానం మరో కొసన దీనికి తలకిందులైన కథ ఉంది. చింతూరు, కూనవరం, వి.ఆర్.పురం మండలాల ప్రజలు 2014 ఏప్రిల్ 30న భద్రాచలం నియోజకవర్గంలో తెలంగాణ వాళ్లతో కలిసి ఓటేశారు. మే నెలాఖరుకల్లా పోలవరం ప్రాజెక్టు ముంపు మండలాలను ఆంధ్రప్రదేశ్‌లో కలుపుతూ కేంద్రం ఆర్డినెన్స్ తెచ్చింది. గోటి మీది గీత ఇంకా పెరిగి పోకముందే వాళ్ల రాష్ట్రం మారింది. వాళ్లు ఎన్నుకున్న ఎమ్మెల్యే తెలంగాణ శాసనసభలో కూర్చున్నారు, వాళ్ల కలెక్టరు ఆంధ్రప్రదేశ్‌లో. మళ్లీ తమ రాష్ట్ర శాసనసభకు ఓటు వేయడానికి, ఈసారి రంపచోడవరం జాబితాలో, 2019 దాకా ఆగాల్సి వచ్చింది. సిరాలో ఏ లోపమూ లేదు. వేళ్లు సరిగానే నల్లబడ్డాయి, లెక్కింపు సరిగానే జరిగింది. మారింది జాబితా.

మునిగే మండలాల సంగతి చట్టం చేసి తేల్చేశారు, న్యాయమో అన్యాయమో ఒక ఒడ్డుకు చేర్చారు. కొటియాకు ఆ మాత్రం తేల్పు కూడా లేదు. 2021 నవంబరులో ఇద్దరు ముఖ్యమంత్రులు భువనేశ్వర్‌లో కలిసి, ప్రధాన కార్యదర్శుల కమిటీ వేద్దామనుకున్నారు. సరిహద్దు తేలడానికి ఎన్నేళ్లు పట్టినా, ఓటర్ల జాబితాను ఒకటి చేయడానికి పార్లమెంటు దాకా పోనక్కర్లేదు. రెండు రాష్ట్రాల బూత్ స్థాయి అధికారులను ఎన్నికల సంఘం ఒకే బృందంగా ఇంటింటికీ పంపవచ్చు. ఏ జాబితాలో ఉండాలో ప్రతి ఓటరునూ అడిగి రాయించవచ్చు. అటు రాసుకున్నందుకు ఇటు పింఛను ఆగదని, ఇటు రాసుకున్నందుకు అటు రేషన్ పోదని రెండు ప్రభుత్వాల చేత ముందే రాతపూర్వకంగా ఇప్పించాలి. ఆ హామీ లేకుండా పేరు ఒకచోట కొట్టేయించుకోమంటే ఏ ఇల్లూ ఒప్పుకోదు, ఒప్పుకోవాల్సిన అవసరం కూడా లేదు.